మా ఇంటి లెక్క

పోస్ట్ కొంచెం పెద్దదే, తీరిక ఉన్నప్పుడు చదవండి.

పోయిన వారం మన గ్రూపులో ఒక చర్చ నడిచింది. బియ్యం ఫ్రీ, కరెంటు ఫ్రీ, ఆడవాళ్లకి బస్సు ఫ్రీ, పిల్లలకి హాస్టల్ ఫ్రీ, ఇంకా మనోళ్లు ఇబ్బంది ఇబ్బంది అంటారెందుకు అని ఒకరు అడిగారు. అడిగింది బయటోళ్లు కాదు, మన అన్నే, ఉద్యోగం చేస్తున్నాడు. కొందరు కోపంగా రాశారు, కొందరు నిజమే కదా అన్నారు. నాకైతే కోపం రాలేదు. అడగాల్సిన ప్రశ్నే. కాకపోతే దానికి జవాబు చెప్పాలంటే ఎవరో ఒకరు ఇంటి లెక్క మొత్తం బయట పెట్టాలి. దసరా సెలవుల్లో ఇంటికి పోయినప్పుడు నాయిన, అమ్మ దగ్గర కూర్చొని ఒక నోట్‌బుక్‌లో అంతా రాశాను. తర్వాత పత్తి లెక్క కూడా కలిపాను. అదే ఇక్కడ పెడుతున్నా.

నేను ములుగు జిల్లా, ఏటూరునాగారం ఐటీడీఏ కిందికి వచ్చే ఒక కోయ గూడెం వాణ్ణి. హనుమకొండలో బీఏ మూడో సంవత్సరం, ఎస్టీ హాస్టల్లో ఉంటా. మా ఇంట్లో కాలేజీ మెట్లెక్కింది నేనే మొదలు. ఇంట్లో ఆరుగురం. అవ్వ, నాయిన, అమ్మ, నేను, తమ్ముడు, చెల్లె.

ముందు వచ్చేవి చెప్తా, దాచేదేం లేదు. 2025 ఉగాది నుంచి రేషన్‌లో సన్న బియ్యం మనిషికి 6 కిలోలు ఇస్తున్నారు. మాకు నెలకి 36 కిలోలు. ఇది చిన్న విషయం కాదు. దొడ్డు బియ్యం వచ్చినప్పుడు కొన్ని కోళ్లకి పోయేవి, కొన్ని దళారి పట్టుకపోయేవాడు, మేము మళ్లీ కొనుక్కునేవాళ్లం. ఇప్పుడు అదే తింటున్నాం. 2023 డిసెంబర్ నుంచి బస్సు ఫ్రీ అయ్యాక అమ్మ నన్ను చూడ్డానికి హనుమకొండ మూడుసార్లు వచ్చింది. అంతకుముందు రెండేళ్లలో ఒక్కసారి వచ్చింది. కరెంటు బిల్లు సున్నా. 2023లో పోడు పట్టా చేతికొచ్చింది, దాంతో రైతుబంధు, ఇప్పుడు రైతు భరోసా పడుతోంది. ఇవన్నీ లేకపోతే మేము ఎక్కడుండేవాళ్లమో నాకు తెలుసు.

అయితే అన్నం ఒక్కటే ఫ్రీ. అన్నంలోకి వేసుకునేవన్నీ కొనాల్సిందే. 2024 సెప్టెంబర్ 14న బయటి దేశాల నుంచి వచ్చే నూనెల మీద కేంద్రం దిగుమతి సుంకం పెంచింది. మా ఊరి కొట్లో అప్పటిదాకా 110 ఉన్న నూనె ప్యాకెట్ దసరాకి 130 దాటింది. 2025 మే చివర్లో ముడి నూనె మీద ఆ సుంకం సగానికి తగ్గించారు. ధర మాత్రం ఎక్కినంత తొందరగా దిగలేదు. 2025 సెప్టెంబర్ 22 నుంచి సబ్బులు, పేస్టులు, బిస్కెట్ల మీద జీఎస్టీ 18 శాతం నుంచి 5కి తగ్గింది. మా కొట్లో 10 రూపాయల సబ్బు ఇప్పటికీ 10 రూపాయలే. పెద్ద ప్యాకెట్లు కొనేవాళ్లకి తేడా తెలుస్తుందేమో, మేం కొనేవన్నీ 5, 10 రూపాయలవి.

మా అవ్వ ఈ మాటలు విని నవ్వుతది. "అప్పుడు మా చేతిల పైసలు లేకుండె, గాని కొనుడు గూడ లేకుండె బిడ్డా. ఉప్పు, బట్ట, గంతే" అంటది. పోడులో జొన్న, సామ, కంది, అనుములు అన్నీ కలిపి చల్లేవాళ్లు. నూనె ఇప్ప గింజల నుంచి తీసుకునేవాళ్లు. అయితే అవ్వ మాటలు పట్టుకొని పాతకాలమే బంగారం అని నేను రాయను. అదే అవ్వ శ్రావణం, భాద్రపదం నెలల్లో గింజ లేక అడవి గడ్డలు ఉడకబెట్టుకొని తిన్నది కూడా చెప్తది. ఇద్దరు పిల్లల్ని జ్వరాలకి పోగొట్టుకుంది. ఆ కాలం తిరిగి రావాలని మా ఇంట్లో ఎవరూ కోరుకోరు. కానీ ఒకటి మారింది. అప్పుడు పంట పోతే తిండి తగ్గేది. ఇప్పుడు పంట పోతే అప్పు పెరుగుతది. తగ్గిన తిండి మళ్లీ కారు పంటకి సర్దుకునేది, అప్పు అట్లా సర్దుకోదు.

ఇప్పుడు ఆ పోడులో పత్తి. మాకు 2 ఎకరాలు. లెక్క వినండి.

విత్తనం ప్యాకెట్ 2020లో 730 ఉండేది, 2025లో 901. అయిదు ప్యాకెట్లు, 4,505. దున్నడానికి ట్రాక్టర్‌కి 5,000. డీఏపీ బస్తా 1,350 చొప్పున మూడు, 4,050. యూరియా బస్తా మీద రాసిన రేటు 266 రూపాయల 50 పైసలు. ఆగస్టులో రాష్ట్రమంతా యూరియా కోసం చెప్పులు క్యూలో పెట్టిన రోజులు గుర్తున్నాయి కదా, అప్పుడు నాయిన బయట 350కి కొన్నాడు, నాలుగు బస్తాలు 1,400. మందులు కొట్టడానికి 9,000. కలుపుకి 8,000. పత్తి ఏరడానికి కిలోకి 13 రూపాయలు, 9 క్వింటాళ్లకి 11,700. మొత్తం 43,655. ఇందులో మా అమ్మానాయిన కష్టం రాయలేదు. రాస్తే లెక్క అక్కడే ఆగిపోతది.

పత్తి చేతికొచ్చే టైముకి అక్టోబర్ చివర మొంథా తుఫాను. మొదటి ఏరుడు పత్తి తడిసింది. 2025లో పొడుగు పింజ పత్తికి మద్దతు ధర 8,110. కానీ తేమ 8 శాతం ఉంటేనే ఆ ధర, 12 దాటితే తీసుకోరు. తడిసిన 4 క్వింటాళ్లు ఊర్లోకి వచ్చిన వ్యాపారికి 5,800 చొప్పున పోయాయి. 23,200. రెండో ఏరుడు 5 క్వింటాళ్లు ఆరబెట్టి ఉంచాం, స్లాట్ దొరికింది, 7,700 వరకు రావచ్చు. అంటే 38,500. రెండూ కలిపితే 61,700. ఖర్చు తీసేస్తే 18,045. జూన్ నుంచి నవంబర్ దాకా ఇద్దరు మనుషులు 2 ఎకరాల మీద పడి చేస్తే మిగిలింది ఇది.

స్లాట్ సంగతి కూడా చెప్పాలి. సీసీఐకి అమ్మాలంటే 2025 నుంచి కపాస్ కిసాన్ యాప్‌లో బుక్ చేసుకోవాలి. మా గూడెంలో సిగ్నల్ వచ్చేది వాటర్ ట్యాంక్ దగ్గర ఒక్కటే. నేను హాస్టల్లో కూర్చొని మా గూడెం వాళ్లకి బుక్ చేస్తా, ఓటీపీ వాళ్ల ఫోన్‌కి పోతది, వాళ్లు ట్యాంక్ ఎక్కి నాకు అంకెలు చెప్తారు. ఈలోపు టైం అయిపోతది, మళ్లీ మొదలు. ఇట్లా 11 ఇళ్లకి చేశా. ఇంట్లో రెండు ఫోన్లు ఎందుకు అనేవాళ్లకి ఇదే జవాబు. పంట అమ్మాలన్నా ఫోనే, ఉపాధి పని హాజరు చూసుకోవాలన్నా ఫోనే, రేషన్ కేవైసీ అన్నా ఫోనే. 2024 జులైలో రీచార్జులు పెరిగాయి, 239 ప్లాన్ 299 అయింది. అది 28 రోజులకే. ఏడాదికి 12 నెలలు కానీ రీచార్జులు 13. ఈ పదమూడో నెల ఎవడు కనిపెట్టాడో గానీ బుర్ర ఉన్నవాడే.

నెల ఖర్చు. నూనె, పప్పు, ఉల్లిగడ్డ, ఎల్లిగడ్డ, కారం, చాయపత్తి, చక్కెర, సబ్బులు కలిపి 3,400. ఫోన్లు 598. గ్యాస్ బండ రెండు నెలలు వస్తది, మిగతా టైం కట్టెలే, కాబట్టి నెలకి 450 అనుకోండి. అవ్వ బీపీ గోళీలు 300. చెల్లె ఆశ్రమ స్కూల్లో ఉంటది, అక్కడికి పోయి వచ్చే ఖర్చు, ఏదో ఒకటి కొనిపెట్టడం 200. పొదుపు సంఘం 100. పెళ్లిళ్లు, చావులు, చుట్టాలు 500. లోన్ కిస్తీ 2,120. మొత్తం 7,668. ఏడాదికి 92,016.

రాబడి. పత్తిలో 18,000. రైతు భరోసా ఎకరాకి పంటకి 6,000 లెక్కన రెండు పంటలకి 24,000. ఉపాధి హామీ కూలి 2025లో మన దగ్గర 307 అని రాసి ఉండేది, కొలతలు వేసి ఇచ్చేసరికి మాకు సగటున 240 పడింది, 60 రోజులకి 14,400. చలికాలం, ఎండాకాలం గోదావరి ఒడ్డు ఊర్లలో మిర్చి ఏరడానికి ఇద్దరూ పోతారు, 350 చొప్పున 45 రోజులు, 31,500. మే నెలలో తునికాకు 6,500. మొత్తం 94,400. అవ్వకి ఆసరా పింఛన్ వస్తే ఇంకో 2,016 నెలకి వచ్చేది. ఆధార్‌లో ఆమె వయసు 54 అని పడింది. మా నాయిన వయసు 45. అంటే తొమ్మిదేళ్ల పిల్లకి మా నాయిన పుట్టాడన్నమాట. ఈ ముక్క ఆఫీసులో చెప్తే అందరూ నవ్వారు, వయసు మాత్రం మారలేదు.

ఏడాదికి మిగిలేది 2,384 రూపాయలు. బట్టలు, పండగలు, మా ముగ్గురి పుస్తకాలు, ఇంటి మీద పగిలిన రేకులు, ఎవరికైనా జ్వరమొస్తే దవాఖాన, అన్నీ దాంట్లోనే.

ఇంకో అన్న అడుగుతాడు, మరి కూలి కూడా పెరిగింది కదా అని. పెరిగింది. ఉపాధి కూలి 2019లో 211, 2025లో 307. కానీ కూలి దొరికే రోజులు పెరగలేదు, కొనాల్సిన వస్తువులు పెరిగాయి. అయిదేళ్ల కింద మా ఇంట్లో నాలుగు మేకలు ఉండేవి. ఇప్పుడు లేవు. పాల చాయ పోయి డికాషన్ వచ్చింది. ఆదివారం కోడికూర పోయి నెలకోసారి అయింది. నాయినకి దవడ పన్ను నొప్పి ఏడాది నుంచి ఉంది, లవంగం పెట్టుకుంటాడు. సర్వే వాళ్లు వచ్చి అడిగితే ఇవేవీ మా వాళ్లు చెప్పరు. సిగ్గు. "మంచిగనే ఉన్నం సార్" అంటారు.

ఇప్పుడు ఆ కిస్తీ సంగతి. 2024 ఆగస్టులో చెల్లెకి డెంగీ వచ్చి ప్లేట్‌లెట్లు పడిపోయాయి. హనుమకొండలో ఒక ప్రైవేట్ ఆస్పత్రి, ఆరు రోజులు, 38,000. ఆరోగ్యశ్రీ లేదా అని అడగకండి, ఈ జబ్బుకి ఇక్కడ వర్తించదు అన్నారు, రాత్రి పదిగంటలకి వాదించే స్థితిలో ఎవరూ లేరు. అమ్మ అయిదుగురు ఆడవాళ్ల గ్రూపులో చేరి ఒక ఫైనాన్స్ కంపెనీలో 40,000 తీసుకుంది. రెండేళ్లు, నెలకి 2,120. మొత్తం కట్టేది 50,880. అయిదుగురిలో ఒకరు కట్టకపోతే మిగతా నలుగురూ కట్టాలి. అందుకే కిస్తీ రోజు మా గూడెంలో కంపెనీ మనిషి కంటే ముందు మన ఆడవాళ్లే ఒకరి ఇంటికి ఒకరు పోయి అడుగుతారు. చిన్నప్పటి నుంచి కలిసి ఇప్పపువ్వు ఏరుకున్న వాళ్లు ఇప్పుడు కిస్తీ నాడు మొహాలు చూసుకోరు. నాకు అన్నిటికంటే ఎక్కువ బాధ అనిపించేది ఇదే.

ఈ కంపెనీలు మళ్లీ ఎట్లా వచ్చాయో చాలామందికి తెలియదు. 2010లో ఉమ్మడి రాష్ట్రంలో ఈ అప్పుల వల్ల ఆత్మహత్యలు జరిగాక ప్రభుత్వం ఆర్డినెన్స్ తెచ్చింది, తర్వాత చట్టం చేసింది, దాంతో వీళ్ల వ్యాపారం దాదాపు ఆగిపోయింది. 2023 ఫిబ్రవరిలో తెలంగాణ హైకోర్టు, రిజర్వ్ బ్యాంక్ దగ్గర రిజిస్టర్ అయిన కంపెనీలకి ఆ చట్టం వర్తించదని తీర్పు ఇచ్చింది. రిజర్వ్ బ్యాంక్ 2022లో పెట్టిన రూల్ ఏంటంటే, ఏడాది ఆదాయం 3 లక్షల లోపు ఉన్న కుటుంబానికి పూచీ లేకుండా ఇవ్వొచ్చు, కానీ ఆ ఇంటి కిస్తీలన్నీ కలిపి నెల ఆదాయంలో సగం దాటొద్దు. మా ఇంటికొచ్చిన మనిషి ఆదాయం ఎంత అని అమ్మని అడిగాడు, అమ్మ "ఏమో సారు" అంది, ఆయనే ఏదో అంకె వేసుకున్నాడు. మీ గూడెంలో ఎవరైనా లోన్ కాగితం మీద వేలిముద్ర వేసే ముందు ఆ అంకె ఎంత రాశారో చదివించుకోమని చెప్పండి.

ఈ కిస్తీ కోసం మా తమ్ముడు సెప్టెంబర్‌లో ఇంటర్ సెకండియర్ మధ్యలో మేస్త్రీతో హైదరాబాద్ పోయాడు. సెంట్రింగ్ పని, రోజుకి 650. రేకుల గదిలో ఎనిమిది మంది. నెలకి 8,000 పంపుతున్నాడు. ఇంట్లో ఎవరూ వాణ్ణి పొమ్మనలేదు. ఎవరూ ఆపలేదు కూడా. నాయిన నాతో ఒకటే మాట అన్నాడు: "నువ్వు సదువు. ఇద్దరు సదివితే ఇల్లు నడవది." నేను ఆ మాటకి ఏం చెప్పాలి? వాడు నాకంటే తెలివైనోడు. పదిలో నాకంటే మార్కులు ఎక్కువ.

నేను హనుమకొండలో ఒక సూపర్ మార్కెట్లో సాయంత్రం అయిదు నుంచి తొమ్మిదిన్నర దాకా బిల్లింగ్ చేస్తా, నెలకి 5,000. అక్కడ చూసింది కూడా రాయాలి, ఎందుకంటే పట్నం వాళ్లకి ఏం కష్టం అని మన గ్రూపులో తరచూ రాస్తుంటారు. అక్కడికి వచ్చేది ప్రైవేట్ స్కూల్ టీచర్లు, షాపుల్లో పనిచేసేవాళ్లు, ఆటో నడిపేవాళ్లు, చిన్న ఉద్యోగులు. నెల మొదటి వారం ట్రాలీ నిండా తీసుకుంటారు. 20వ తారీఖు దాటితే చేతిలో పట్టేంతే. 5 లీటర్ల నూనె డబ్బా కొనే ఇంటివాళ్లు లీటర్ ప్యాకెట్‌కి వచ్చారు, లీటర్ కొనేవాళ్లు అర లీటర్‌కి. బిల్లు వేస్తుంటే కళ్లు స్క్రీన్ మీదే ఉంటాయి. ఒక అంకె దాటగానే "తమ్మీ, అది తీసెయ్" అంటారు. ముందు జీడిపప్పు తీసేస్తారు. తర్వాత నెయ్యి. తర్వాత పిల్లల పాలలో కలిపే పొడి. అది తీసేటప్పుడు పక్కనున్న పిల్లవాడి వైపు చూడరు. రాత్రి మూసేముందు కౌంటర్ దగ్గర మిగిలిన సామాన్లు మళ్లీ ర్యాకుల్లో సర్దడం నా పనే. ఏ రోజు ఏం వెనక్కి వచ్చిందో చూస్తే నెల ఎట్లా నడుస్తుందో తెలుస్తది.

ఒక సార్ ఉంటాడు, ప్రైవేట్ కాలేజీలో లెక్చరర్. ఫీజు రీయింబర్స్‌మెంట్ బకాయిలు రాలేదని సెప్టెంబర్‌లో ఒకసారి, మళ్లీ నవంబర్ 3 నుంచి ప్రైవేట్ కాలేజీలు బంద్ పెట్టాయి కదా. ఆ టైంలో తనకి మూడు నెలల జీతం ఆగిందని చెప్పాడు. అదే బకాయి వల్ల మా హాస్టల్ దోస్తుకి వాళ్ల పాత కాలేజీ టీసీ ఇవ్వట్లేదు, ఫీజు కట్టి తీసుకపొమ్మంటోంది. సర్కారు దగ్గర ఆగిన ఒకే పైసా సార్ ఇంట్లో నెయ్యిని ఆపింది, మా దోస్తు పీజీ సీటుని ఆపింది. పట్నం మధ్యతరగతి వాళ్లు కూడా కిందికి జారుతున్నారు. ఇది నిజం. అయితే వాళ్లకి జారడానికి ఇంకా రెండు మూడు మెట్లు ఉన్నాయి. నెయ్యి ఉంది, పాలపొడి ఉంది, ఇంగ్లీషు మీడియం స్కూల్ ఉంది. మా ఇంట్లో తీసేయడానికి మిగిలింది తమ్ముడి చదువు ఒక్కటే, అందుకని మొదటి దెబ్బకే అది పోయింది.

హాస్టల్ ఫ్రీ అన్నమాటకి కూడా రెండు ముక్కలు. కాలేజీ హాస్టల్ విద్యార్థికి నెలకి మెస్ చార్జి 2017 నుంచి 1,500. అంటే రోజుకి 50 రూపాయలు, మూడు పూటలకి. ఏడేళ్లు అదే రేటు. ఆ ఏడేళ్లలో కూరగాయల రేటు ఆగిందా? 2024 నవంబర్‌లో 40 శాతం పెంచి 2,100 చేశారు, రోజుకి 70. దీనికోసం రోడ్డు మీద కూర్చున్న మన సీనియర్లకి దండం పెట్టాలి. పెంచాక గుడ్డు సరిగా వస్తోంది, కూర కొంచెం చిక్కబడింది. కానీ బస్టాండ్ దగ్గర ఒక ప్లేటు ఇడ్లీ 40. మూడు పూటల తిండికి రెండు ప్లేట్ల ఇడ్లీ డబ్బులు కూడా లేవు. ఫ్రీ అనే మాట వాడే ముందు ఈ 70ని ఎవరైనా వంటగదిలో నిలబడి పంచి చూడాలి.

సరే. అక్టోబర్ జీతం రాగానే తమ్ముడి ఇంటర్ పరీక్ష ఫీజు నేనే కట్టేశాను, వాడికి చెప్పకుండా. కట్టాక ఫోన్ చేశా. కొంచెంసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత "పరీక్షలు ఎప్పుడన్నా?" అన్నాడు. ఫిబ్రవరి 25 నుంచి అని చెప్పా. "మేస్త్రీ ఫిబ్రవరిల స్లాబ్ ఉందంటుండు. నేను లేకపోతే వేరేటోన్ని పెట్టుకుంటడు. మరి కిస్తీ?" అన్నాడు. కిస్తీ మూడు నెలలు నేను చూసుకుంటా అన్నా. నా 5,000లో అది ఎట్లా అయితదో ఇంకా లెక్క వేయలేదు, వేస్తా. హాజరు విషయం వాళ్ల కాలేజీ ప్రిన్సిపాల్ సార్‌తో మాట్లాడాను, డిసెంబర్‌లో ఒకసారి తీసుకొని రమ్మన్నాడు. తమ్ముడు వస్తా అనలేదు, రాను అనలేదు. రాత్రి పని అయ్యాక చదువుకోవడానికి పుస్తకాలు ఉన్నాయా అని అడిగితే ఊర్లోనే వదిలేసి వచ్చా అన్నాడు.

వాడిది సీఈసీ, తెలుగు మీడియం. సైటు మియాపూర్ దగ్గర. అటువైపు మన గ్రూపు వాళ్లు ఎవరైనా ఉంటే, ఎకనామిక్స్, సివిక్స్ సెకండియర్ గైడ్లు పాతవి ఉన్నా సరే, నాకు మెసేజ్ పెట్టండి. ఆదివారం మధ్యాహ్నం వాడికి సెలవు, వచ్చి తీసుకుంటాడు.